మావని కత్తిరించిన సంగతి

నలభై ఏళ్ళు ఫిలిం కత్తిరించి బతికాను. దేవుళ్ళ సినిమాలు, రాజుల సినిమాలు, ఏడిపించేవి, నవ్వించేవి, దయ్యాల సినిమాలు రెండు, అన్నీ నా బల్ల మీదుగానే వెళ్ళాయి. ఏ సినిమాకైనా కత్తెర పట్టుకునే ముందు నా అరచేతులు చెమట పట్టేవి. పంచెకి తుడుచుకుని మొదలుపెట్టేవాణ్ణి. నా దగ్గర పని నేర్చుకున్నవాళ్ళు అది శ్రద్ధ అనుకునేవారు. శ్రద్ధ కాదు, భయం. అది నన్ను ఎక్కడ పట్టుకుందో ఇన్నాళ్ళూ వాళ్ళకి చెప్పలేదు. చెబితే బాధపడేవాళ్ళిద్దరూ ఇప్పుడు లేరు.

మాది చోడవరం నుంచి బుచ్చయ్యపేట వెళ్ళే దారిలో ఒక పల్లె. ఎస్సెల్సీ అయ్యాక మద్రాసు వెళ్ళి, ఒక ఎడిటరు గారి దగ్గర సహాయకుడిగా కుదిరాను. ఆయన్ని గురువుగారు అనే పిలిచేవాళ్ళం. మూడేళ్ళు ఫిలిం ముక్కలకి నంబర్లు వేశాను, సిమెంటు అనే జిగురు పూసి అతికించాను, చుట్టలు చుట్టాను. కత్తెర మాత్రం ఆయనదే.

ఆంధ్ర రాష్ట్రం వచ్చిన కొత్తలో, చెరుకు మీద, బెల్లం మీద రెండు రీళ్ళ చిన్న చిత్రం తీయడానికి ఒక డైరెక్టరు గారు పూనుకున్నారు. పట్నం మనిషి. మా వైపు మాట ఆయనకి సగం అర్థమయ్యేది కాదు. గురువుగారు నన్ను పిలిచి అన్నారు.

"మీ ఊరి పక్కనే కదయ్యా. వెళ్ళి దగ్గరుండి తీయించు. తిరిగొచ్చాక నువ్వే కత్తిరించు. ఇందులో నేను వేలు పెట్టను."

నాకు ఇరవై నాలుగేళ్ళు. మద్రాసు మెయిల్లో అనకాపల్లి దాకా నిద్రపోలేదు, అంత సంతోషం.

చెరుకు ఆడే రోజులవి. మా ఊరి పొలాల్లో ఆ ఏడే ఆయిలింజనుతో నడిచే ఇనప గానుగ పెట్టారు. ఎడ్లు తిప్పే గానుగలు పాతవైపోయాయి, కొత్తది తీద్దామన్నారు డైరెక్టరు గారు. ఆ గానుగలో చెరుకు పెట్టేది మా మావ. సొంత మేనమామ కాడు, ఊరి వరస. అమ్మని అక్కా అనేవాడు, నన్ను అల్లుడూ అనేవాడు. ముప్పై ఐదేళ్ళుంటాయి. పొడుగ్గా, నల్లగా ఉండేవాడు. చెరుకు పెట్టడంలో ఆ చుట్టుపక్కల ఆయన్ని మించినవాడు లేడనేవారు. ఎడమ చేత్తో మూడు గడలు అందుకునేవాడు, కుడి చేత్తో వాటి మొదళ్ళు రోలర్ల మధ్యకి తోసేవాడు. గడలు కరకరమని లోపలికి పోతుంటే రసం ఇటు, పిప్పి అటు పడేది. చూస్తుంటే భలే తేలిగ్గా కనిపించేది.

మొదటి రోజంతా ఆయన్నే తీశారు. చేతులు విడిగా తీశారు, గడలు విడిగా తీశారు, రసం కుండలో పడడం తీశారు. మావ సిగ్గుపడ్డాడు గాని సంతోషించాడు. మధ్యాహ్నం చద్ది తింటూ నన్నడిగాడు.

"ఒరే అల్లుడా, ఇదెప్పుడు పడతాదిరా సోడారంలో?"

"నాలుగు నెల్లకి, మావా. నేనే తెస్తాను."

"మీ అత్తనీ గుంటల్నీ బండి కట్టి తీసుకొస్తాను. ముందు వరసలో కూకోబెట్టాల మరి."

రెండో రోజు పొద్దున్న డైరెక్టరు గారు కెమెరా గానుగకి ఎదురుగా పెట్టించారు. మావ మాత్రం తల ఎత్తడం లేదు. రోలర్ల దగ్గర పనిచేసేవాడు తల ఎత్తడు. డైరెక్టరు గారు రెండుసార్లు చెయ్యి ఊపారు, మావ చూడలేదు. ఇంజను మోతలో ఆయన మాట వినపడదు.

"మీవాడే కదా, ఒక్కసారి పిలువు. ఇటు చూసి నవ్వితే చాలు," అన్నారు నాతో.

నేను కెమెరా పక్కన నిలబడి, చేతులు నోటికి అడ్డం పెట్టుకుని గట్టిగా అరిచాను.

"మావా! ఇటు సూడు!"

మావ తల ఎత్తాడు. నన్ను చూశాడు. నవ్వాడు.

తరవాతది నేను చూడలేదు. చూశానేమో, నాకు గుర్తు లేదు. అరుపు మాత్రం గుర్తుంది. అది మావది కాదు, పిప్పి ఎత్తుతున్న ఆడమనిషిది. ఎవరో కర్రతో ఇంజను బెల్టు మీద కొట్టి దాన్ని తప్పించారు. రోలర్లు ఆగాయి. మావ నిలబడే ఉన్నాడు. కుడి చెయ్యి మణికట్టు దాకా లోపలుంది. మొహంలో నొప్పి లేదు, ఆశ్చర్యం ఉంది. రోలర్లు వెనక్కి తిప్పడానికి నలుగురు పట్టారు.

బండి మీద చోడవరం తీసుకెళ్ళాం, అక్కణ్ణించి విశాఖపట్నం పెద్దాసుపత్రికి. చెయ్యి మణికట్టు పైదాకా తీసేశారు. బండిలో మావ తల నా ఒళ్ళోనే ఉంది. దారి పొడుగునా నాకు ఒకటే భయం. ఈయన బతుకుతాడా అని కాదు. అది తరవాత వచ్చింది. ముందు వచ్చిన భయం, ఎవరు పిలిచారో ఈయన చెప్పేస్తాడేమోనని. రాయడానికి సిగ్గుగా ఉంది గాని అదే నిజం.

మావ చెప్పలేదు. ఎవరడిగినా "కునుకు పట్టింది" అన్నాడట. డైరెక్టరు గారు ఆసుపత్రి ఖర్చు పెట్టుకున్నారు. నన్ను పిలవమన్న సంగతి ఆయన మరిచిపోయారో, మరిచిపోయినట్టు ఉన్నారో తెలియదు. ఇంజను మోతలో మిగతావాళ్ళు నా కేక విన్నట్టు లేదు.

మద్రాసు వచ్చాక లాబ్ నించి ప్రింటు వచ్చింది. ఎడిటింగ్ గది తలుపు గడియ పెట్టుకుని ఒక్కణ్ణే మూవియోలా ముందు కూర్చున్నాను. అది కాలితో తొక్కి నడిపే చిన్న యంత్రం, దానిలో బొమ్మ అరచెయ్యంత కనబడుతుంది. శబ్దం లేదు. మావ చెరుకు పెడుతున్నాడు. తల ఎత్తాడు. నన్నే చూశాడు. నవ్వడం మొదలయిన దగ్గర్నించి చెయ్యి గడలతోపాటు జరిగిపోయే దాకా పదకొండు ఫ్రేములు. లెక్కపెట్టాను. మళ్ళీ లెక్కపెట్టాను. అర సెకను కూడా కాదు. ఆ తరవాత కూడా కెమెరా కొంతసేపు నడిచింది. అది నేను చూడలేకపోయాను.

ఎవరు చూసినా తెలిసిపోతుంది అనిపించింది. పని చేసుకుంటున్న మనిషి ఊరికే తల ఎత్తడు. ఎవరో పిలిచారు. ఎవరు పిలిచారు? ఈ ప్రశ్న గురువుగారు అడుగుతారు, డైరెక్టరు గారికి గుర్తొస్తుంది, చోడవరంలో సినిమా చూసినవాళ్ళు అడుగుతారు. నా గొంతు వినపడకపోయినా నా గొంతు ఆ ఫిలిం మీద ఉన్నట్టే తోచింది.

ముందు ఆ షాటు తీసేశాను. అది ఎలాగూ తీసెయ్యాల్సిందే. మర్నాడు దాని ముందు షాటు చూస్తే, అందులోనూ మావ మొహం ఉంది. ఇది చూస్తే ఊళ్ళోవాళ్ళు ఆ ప్రమాదం మాట ఎత్తుతారు కదా అనుకుని అదీ తీశాను. తరవాత చేతుల షాట్లు. ఆ కుడి చెయ్యి దగ్గరగా, పెద్దగా, చెరుకు మసి పట్టిన గోళ్ళతో కనిపిస్తుంటే మూవియోలా తొక్కడం ఆపేశాను. అవీ తీశాను. మొదటి రోజు మావని తీసిందంతా పోయింది. వారం తిరిగేసరికి రెండు రీళ్ళలో మావ ఎక్కడా లేడు.

ముక్కలన్నీ ఒక రేకు డబ్బాలో పెట్టి, గదికి తీసుకుపోయి మంచం కింద దాచాను. ఫిలిం ఇంట్లో పెట్టుకోకూడదు. అంటుకుంటే ఆర్పడం కష్టం. కింద వాటాలో వాళ్ళు పొయ్యి రాజేసినప్పుడల్లా ఉలిక్కిపడేవాణ్ణి. అయినా పారెయ్యడానికి ధైర్యం లేదు, అలాగని తిరిగి తెచ్చి పెట్టడానికీ లేదు.

ఆ నెలలోనే గురువుగారి బల్ల మీద ఒక జానపదం నడుస్తోంది. రాజకుమారుడు మాంత్రికుడి చెయ్యి నరుకుతాడు. ఆ ఘట్టం నన్ను కూర్చమన్నారు. కత్తి లేస్తుంది, దిగుతుంది, మైనంతో చేసిన చెయ్యి నేల మీద పడుతుంది. అబద్ధపు చెయ్యి. నేను ఒక పూటంతా కూర్చుని ఒక్క అతుకూ వెయ్యలేదు. గురువుగారు వచ్చి చూశారు.

"చెయ్యి చూపించకయ్యా. కత్తి దిగేటప్పుడు పక్కనున్నవాడి మొహం వెయ్యి. జనానికి భయం చెయ్యి చూసి రాదు, చూసినవాణ్ణి చూసి వస్తుంది."

నేను తల ఊపాను. ఆయన నా నుదురు తాకి చూశారు.

"జ్వరమా?"

"లేదండి."

బెల్లం చిత్రం పూర్తయ్యాక ఆయనకి చూపించాను. అంతా చూసి ఒక్కటే అడిగారు.

"బాగానే ఉంది. గానుగలో చెరుకు ఎవరు పెడుతున్నారు? దానంతటదే నడిచి వెళ్ళిపోతోందా?"

"ఆ షాట్లు వెలుగు తగిలి పాడైపోయాయండి."

ఆయనతో నేను ఆడిన మొదటి అబద్ధం అది. ఆయన ఇంకేమీ అడగలేదు. డైరెక్టరు గారు వేరే పనిలో పడ్డారు. ఆయనకి రెండు రీళ్ళు సమయానికి అందితే చాలు. చోడవరంలో రైతులకి ముందుగా చూపిస్తామని మాట ఇచ్చారు గనక, మొదటి ప్రింటు నన్నే తీసుకెళ్ళమన్నారు.

డేరా హాలు అది. పెద్ద సినిమా మొదటాటకి ముందు మా రెండు రీళ్ళు వేస్తారు. చీకటి పడకముందే జనం వచ్చేశారు. బుచ్చయ్యపేట వైపు నించి కూడా బళ్ళు కట్టుకుని వచ్చారు. నేను ఆపరేటరు గదిలో నిలబడి చిన్న కంతలోంచి చూస్తున్నాను. మావ వచ్చాడు. ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు, కుడి చేతి మీద తువ్వాలు కప్పుకున్నాడు. అత్త కొత్త చీర కట్టింది. ముగ్గురు పిల్లలు. నేల తరగతిలో అందరికన్నా ముందు కూర్చున్నారు. ఊళ్ళోవాళ్ళు వాళ్ళకి చోటిచ్చి వెనక్కి జరిగారు.

ఇంతకాలం ఈ ఒక్క మనిషి సంగతి నేను ఆలోచించలేదు. అందరూ ఏం చూస్తారో అని భయపడ్డాను గాని, మావ ఏం చూడడానికి వస్తాడో అనుకోలేదు. ఆపరేటరుని ఆపమందామనుకున్నాను. ఈలోపు బొమ్మ పడింది.

నేను తెర చూడలేదు, మావ వీపు చూశాను. చెరుకు తోట వచ్చినప్పుడు నిటారుగా కూర్చున్నాడు. గానుగ వచ్చినప్పుడు చిన్నవాణ్ణి ఎత్తి ఒళ్ళో నిలబెట్టుకున్నాడు. గడలు లోపలికి పోతున్నాయి, రసం పడుతోంది. పిల్లవాడు గట్టిగా అడిగాడు.

"అయ్య ఏడే?"

"వస్తాడు, సూడు," అంది అత్త.

పెనం వచ్చింది, పాకం ఉడికింది, దిమ్మలు పోశారు, బళ్ళు అనకాపల్లి వెళ్ళాయి. అయిపోయింది. జనం చప్పట్లు కొట్టారు. ముందు వరసలో ఆ ఐదుగురూ కదల్లేదు.

పారిపోవచ్చు. గదికి వెనక తలుపుంది. ఎందుకు పారిపోలేదో చెప్పలేను. మావే పిల్లల్ని తీసుకుని గది వెనక్కి వచ్చాడు, అత్త వెనకే ఉంది.

"అయిపోయిందేటి?" అన్నాడు.

"అయిపోయింది మావా."

"మరి నానేడ్రా?"

అత్త అందుకుంది.

"ఊరందరికీ సెప్పేసేను బాబూ, మీ మావ బొమ్మలో ఉంటాడని. సెయ్యి పోయినకాణ్ణించి మనిషి మాటాడ్డం మానేసేడు. ఈ బొమ్మ పేరు సెప్తేనే నవ్వుతున్నాడు. ఏటి, బాగా రాలేదా?"

"అది కాదే," అన్నాడు మావ. "మొగం లేపోతే పోయింది. ఆ సెయ్యి సూద్దారనొచ్చేనురా. ఆ సెయ్యి ఉన్నప్పుడు తీసినవి ఆ బొమ్మలే గదా. పెళ్ళిలో పోటోలు తీయించుకునీ వోళ్ళమేటి మనం? ఈ కడాకరి గుంటడికి అయ్యకి రెండు సేతులున్నట్టే గురుతు లేదు. సూపిద్దారనుకున్నాను."

అప్పుడు చెప్పేశాను. అంతా ఒక్క గుక్కలో చెప్పాను. పిలిచింది నేనని, ఆ పదకొండు ఫ్రేములు, డబ్బా, మంచం, అన్నీ. చెబుతున్నంతసేపూ మావ అత్త వైపు చూస్తున్నాడు, నన్ను ఆపమన్నట్టు తువ్వాలు కప్పిన చెయ్యి కదిలిస్తున్నాడు. నాకు అర్థం కాలేదు. అయ్యాక గాని తెలియలేదు. ఆమెకి కూడా ఆయన కునుకు పట్టిందనే చెప్పాడు.

అత్త నన్ను తిట్టలేదు. తిడుతుందని, జుట్టు పట్టుకుంటుందని ఎదురుచూశాను. నా వంక చూసింది, మావ వంక చూసింది. పిల్లల చేతులు పట్టుకుని వెళ్ళి బండిలో కూర్చుంది. పెద్ద సినిమా మొదలయింది. డేరా లోపల్నించి పాట వినపడుతోంది. మేమిద్దరం అక్కడే నిలబడ్డాం.

"నువ్వు పిలిసేవని నాకు తెలుసు," అన్నాడు మావ. "నాను తిరిగేను. అదీ తెలుసు. పదేళ్ళు గానుగ పెట్టినోణ్ణి, పిలిస్తే తిరగొచ్చేటి? ఎవడి తప్పో నాకు తేలక, కునుకని సెప్పేసేను. అది ఒగ్గీ. ఒక్కటి సెప్పు. నన్ను తీసెయ్యమని ఎవులు సెప్పేరు నీకు?"

"ఎవరూ చెప్పలేదు మావా. బయమేసింది."

"నాకు బయమెయ్యలేదేటి? ఈ సేత్తో ఏటి తిని, ఏటి పెట్టి బతకాలని, సెప్పు, బయమెయ్యలేదేటి?"

ఆయన గొంతు పెరగలేదు. తువ్వాలు సర్దుకుని బండి వైపు వెళ్ళిపోయాడు.

మద్రాసు చేరగానే డబ్బా తీసుకుని గురువుగారి ఇంటికి వెళ్ళాను. ఉద్యోగం పోతుందని తెలిసే వెళ్ళాను. చెప్పిందంతా ఆయన నిలబడే విన్నారు.

"ముక్కలన్నీ ఉన్నాయా? ఏదైనా పారేశావా?"

"లేదండి. అన్నీ ఉన్నాయి."

"మంచం కింద ఫిలిం పెట్టుకున్నందుకు నిన్ను కొట్టాలి. పద."

ఇంకా మిగతా ప్రింట్లు తీయలేదు గనక సరిపోయింది. తప్పు తన దగ్గర జరిగిందని డైరెక్టరు గారికి ఆయనే చెప్పారు. నేను కూర్చున్నాను, ఆయన వెనక నిలబడ్డారు. వ్యాఖ్యానం అప్పటికే రికార్డయింది, అందుకని నిడివి మారకుండా, తీసిన ప్రతి అడుగుకీ సరిగ్గా అంతే పెట్టాలి. చేతులు పెట్టాను. మొహం పెట్టాను. చివరికి ఆ షాటు దగ్గరికి వచ్చాం. ఎక్కడ తెంచాలి? తల ఎత్తకముందు తెంచితే ఎవరికీ ఏమీ తెలియదు. నేను గురువుగారి వంక చూశాను. ఆయన బొమ్మ వైపే చూస్తున్నారు.

అరచేతులు తుడుచుకున్నాను. మావ తల ఎత్తాడు, నన్ను చూశాడు, నవ్వు మొదలయింది. ఒక ఫ్రేము, రెండు, మూడు, నాలుగు. అయిదో దానిలో భుజం కొంచెం ముందుకి వంగింది. నాలుగో దాని తరవాత కత్తెర వేశాను. వెంటనే పాకం పొంగు అతికించాను. మూవియోలాలో నడిపి చూస్తే నాలుగు ఫ్రేములు కంటికి ఆనలేదు. గురువుగారు నా భుజం మీదుగా వంగి, నవ్వు మొదలయ్యే ఫ్రేము లాబ్‌లో ఇంకో ఆరుసార్లు అచ్చు వేయించమని, ముందున్న చెరుకు షాటు ఆ మేరకి తగ్గించమని చెప్పారు. అలా చేస్తే మావ నవ్వు ఒక్క క్షణం తెర మీద నిలిచింది.

ఆ ఏడు వర్షాలకి ముందు మళ్ళీ చోడవరం వెళ్ళాను. అదే డేరా. మావ ఇంటికి వెళ్ళి రమ్మన్నాను. అత్త లోపల్నించి బయటికి రాలేదు. వస్తారో రారో తెలియక బొమ్మ పడే దాకా కంత దగ్గర నిలబడి ఉన్నాను. దీపాలు ఆరాక ఐదుగురూ వచ్చి వెనగ్గా కూర్చున్నారు.

ఈసారి తెర చూశాను. మావ చేతులు రెండూ తెర నిండా వచ్చాయి. డేరాలో ఎవరో మావ పేరు పెట్టి అరిచారు. తరవాత మావ తల ఎత్తి అందరి వైపూ చూసి నవ్వాడు. జనం కూడా నవ్వారు. నేను మాత్రం పాకం పొంగేదాకా ఊపిరి తీసుకోలేదు.

అయిపోయాక గది తలుపు దగ్గర చప్పుడయింది. అత్త. ఒక్కతే వచ్చింది. నా వైపు చూడకుండా ఆపరేటరుతో మాట్లాడింది.

"ఇంకోపాలి ఎయ్యి బాబూ. సిన్నోడు నిద్దరోయేడు, ఇప్పుడే లేపేను."

పెద్ద సినిమాకి వేళయిందని ఆపరేటరు గొణిగాడు. బయట జనం కూడా వెయ్యమని కేకలేస్తే రీలు వెనక్కి చుట్టాడు. అత్త తలుపు దగ్గరే నిలబడి చూసింది. మావ తల ఎత్తే చోట మాత్రం కళ్ళు దించుకుంది.

ఆ తరవాత ఆమె బతికినన్నాళ్ళూ నాతో మాట్లాడింది నాలుగైదు సార్లు. ఇంటికి వెళ్తే మంచినీళ్ళిచ్చేది. క్షమించిందని నేను అనుకోను, అడగలేదు కూడా. మావ పాకం చూసే పనికి మారాడు. పాకం ఎప్పుడు దించాలో కంటితో చెప్పాలి, ఎడమ చేతి వేళ్ళతో నీళ్ళలో ఉండ చేసి చూడాలి. రెండేళ్ళు పట్టింది నేర్చుకోవడానికి. మొదట్లో రెండు పెనాలు మాడ్చేశాడట. నేను మరుసటేడు సొంతంగా ఒక సినిమా కత్తిరించాను. అది హాస్యం. విడుదల రోజు మద్రాసులో హాలంతా పగలబడి నవ్వుతుంటే, వెనక వరసలో కూర్చుని చెమట పట్టిన రెండు చేతులూ తొడల కింద పెట్టుకున్నాను.